అనుక్తార్థగ్రహణము : తెలుగునాట పఠనబోధన చరిత్ర

1. విషయనిర్ణయము

వ్రాసిన దానిని చదువుట యొకటి. వ్రాయని దానిని వ్రాసిన దానివలన తెలిసికొనుట వేఱొకటి. "అతడు గొడుగు ముడిచి చూరుక్రింద నానించి లోనికి వచ్చెను" అను వాక్యమున వాన యను మాట లేదు. ఐనను చదువరి మనస్సునకు వాన తోచును. గొడుగు ఎండకును పట్టుదురు గదా యని యెవరైన ఆక్షేపింపవచ్చును. ఆ యాక్షేపణము న్యాయమే. తరువాతి వాక్యమున "గొడుగు ఆనించినచోట నేల తడిసెను" అని యున్నచో సందేహము తీరును. "నుదుటి చెమట తుడిచికొనెను" అని యున్నచో మొదటి యూహను దిద్దుకొనవలసి వచ్చును. చదువు అనునది ఇట్లు ఊహించుట, ఆ యూహను పరీక్షించుట, అవసరమైనచో మార్చుకొనుట అను మూడు పనుల కలయిక. అక్షరములు కూడబలుకుట వచ్చిన ప్రతివానికిని ఇది తనంతట రాదు. ఒకరు నేర్పవలసినదే.

వాచ్యముగా చెప్పబడని యర్థమును చెప్పబడిన మాటల యాధారముతో గ్రహించుటను ఈ వ్యాసమున మేము 'అనుక్తార్థగ్రహణ'మని వ్యవహరింతుము. దీనిని మన దేశమున ఎవరు, ఎవరికి, ఏ పద్ధతిని నేర్పిరి? నేర్పిన పద్ధతి ఎచ్చట నిలిచెను, ఎచ్చట జాఱిపోయెను? ఈ ప్రశ్నలకు సమాధానము వెదకుటయే మా యుద్దేశము. శాస్త్రపాఠములలోను, కావ్యపాఠములలోను ఇందులకు మిక్కిలి నిశితమైన పద్ధతి యుండెననియు, ఆ పద్ధతి కొలదిమందికే దక్కెననియు, పందొమ్మిదవ శతాబ్దిలో అచ్చుయంత్రమును పరీక్షయు కలిసి వ్యాఖ్యానమును మార్గముగా గాక సమాధానముగా మార్చెననియు మా సిద్ధాంతము.

2. శాస్త్రపాఠమునందలి మార్గము

వాక్యార్థము తెలియుటకు ఆకాంక్ష, యోగ్యత, సన్నిధి అను మూడును కావలెనని తర్కము చదువ నారంభించిన బాలుడు మొట్టమొదటనే నేర్చుకొనును. పదునేడవ శతాబ్దివాడును ఆంధ్రుడును అగు అన్నంభట్టు రచించిన తర్కసంగ్రహము దేశమంతటను ప్రథమపాఠ్యముగా చెల్లినది. అందు ఈ మూడింటికిని చూపిన ప్రత్యుదాహరణములు బాలబోధకు ఎంతయు తగియున్నవి. ఆవు, గుఱ్ఱము, మనుష్యుడు, ఏనుగు అని పదములు పేర్చినంతమాత్రమున వాక్యము కాదు. ఒకదాని కొకటి అక్కఱ లేదు గనుక. నిప్పుతో తడుపుమన్నచో మాటలు కుదిరినను అర్థము కుదురదు. ఒక్కొక్క మాటను జాముకొకటి చొప్పున పలికినచో వినువానికి వాక్యబోధ కలుగదు. ఈ మూడును వ్యాకరణసూత్రములవంటివి కావు. చదువరి మనస్సున జరుగు వ్యాపారమునకు పెట్టిన పేరులు.

మీమాంసకులు మఱియొక యడుగు ముందునకు వేసిరి. బలిసియున్న దేవదత్తుడు పగటివేళ భుజింపడని విన్నప్పుడు, అతడు రాత్రివేళ భుజించునని కల్పించుకొననిదే ఆ రెండు మాటలును పొసగవు. దీనిని వారు అర్థాపత్తి యనిరి. ఒకడు "తలుపు" అని మాత్రము పలికి యూరకున్నచో, వినువాడు "మూయుము" అని పూరించుకొనును. ఆ పూరించునది పదమా, అర్థమా యని భాట్టులును ప్రాభాకరులును వాదించుకొనిరి. నైయాయికులు అర్థాపత్తిని ప్రత్యేకప్రమాణముగా నంగీకరింపక అనుమానముననే చేర్చిరి. మతభేదము లెన్ని యున్నను, చెప్పనిది పూరించుకొనుట యనునది కారణముతో జరుగు పనియే గాని యిచ్చవచ్చినట్లు చేయు పని కాదని యందఱును ఏకీభవించిరి.

గ్రంథమంతటికిని తాత్పర్యము నిర్ణయించుటకు ఆఱు లింగములు చెప్పబడినవి: ఉపక్రమోపసంహారముల యైక్యము, అభ్యాసము, అపూర్వత, ఫలము, అర్థవాదము, ఉపపత్తి. మొదలును తుదయు ఏమి చెప్పుచున్నవి? పలుమాఱు చెప్పబడినదేది? ఇతరత్ర తెలియనిది ఇందేమి తెలియుచున్నది? దేనిని పొగడుచున్నాడు? ఏ యుక్తి చూపుచున్నాడు? శాస్త్రపరిభాషను తొలగించి చూచినచో ఇవి నేటి యుపాధ్యాయుడు వార్తాపత్రికలోని యొక వ్యాసమును చదివించుచు అడుగదగిన ప్రశ్నలే.

3. గోదావరీతీరపు సింహము

కావ్యమునందలి యనుక్తార్థమును గూర్చిన విచారము తొమ్మిదవ శతాబ్దిలో కాశ్మీరమున ఆనందవర్ధనుడు ధ్వన్యాలోకమును రచించుటతో ఒక రూపము దాల్చెను. అందు చర్చకు వచ్చిన ప్రసిద్ధోదాహరణము మన నేలకు సంబంధించినది. అది హాలుని పేర వెలసిన ప్రాకృత గాథాసప్తశతిలోనిది. గోదావరి యొడ్డున పొదరింట ప్రియుని కలిసికొను నొక స్త్రీకి, పూలు కోయుటకై అచ్చటికి వచ్చు నొక ధార్మికునివలన ఇబ్బంది కలుగుచుండెను. అతనికి ఒక కుక్క యనిన భయము. ఆమె అతనితో, ఇక నిశ్చింతగా తిరుగుమనియు, ఆ కుక్కను గోదావరి యొడ్డు పొదలలో నివసించు సింహము నేడు చంపినదనియు చెప్పినది. మాటలలో నున్నది 'తిరుగుము' అను అనుమతి. ధార్మికునకు తెలియవలసినది 'ఆ వైపు రాకుము' అను నిషేధము.

ఈ నిషేధము మనకెట్లు తెలిసినది? వ్యంజన యను ప్రత్యేకశక్తివలననని ఆనందవర్ధనుడు. ప్రత్యేకశక్తి యక్కఱలేదు, ఇది యనుమానమే యని పదునొకండవ శతాబ్దిలో మహిమభట్టు వ్యక్తివివేకమున వాదించెను. భయహేతువున్న చోటికి పిఱికివాడు పోడు. గోదావరీతీరమున సింహ మున్నది. కావున అతడు పోరాదు అని యతని తర్కము. దీనిని మమ్మటుడు కావ్యప్రకాశమున ఖండించెను. పిఱికివాడైనను గురువు ఆజ్ఞచేతనో, ప్రభువు ఆజ్ఞచేతనో, ప్రియురాలి మీది మక్కువచేతనో భయమున్నచోటికిని పోవచ్చును. కుక్కను తాకరాదని దానికి వెఱచువాడు సింహమునకు వెఱవకపోవచ్చును. పైగా సింహమున్నదని చెప్పినది ఆ స్త్రీయే. ఆమె మాట నిజమని ఏమి నిశ్చయము? హేతువు ఇట్లు మూడు విధముల దుష్టమైనప్పుడు దానినుండి పుట్టినది అనుమానము కాజాలదని మమ్మటుని నిర్ణయము.

అలంకారశాస్త్రచరిత్రలో ఈ వివాదమున మమ్మటుని పక్షమే నిలిచెను. బోధనచరిత్రదృష్టితో చూచినచో ఇరువురివద్దను నేర్చుకొనదగిన దున్నదని మేము తలంచుచున్నాము. మహిమభట్టు మార్గమున ఒక గొప్ప సౌకర్యము కలదు: అనుక్తార్థము హేతువుమీద నిలుచు నన్నచో, ఆ హేతువును వ్రేలుపెట్టి చూపవచ్చును, చూపగలదానిని నేర్పవచ్చును. 'సహృదయునకు తోచును' అని చెప్పి విడిచినచో, తోచని బాలుని గతి యేమి? మమ్మటుని మాటయు అంతే విలువైనది. చదువరి చేయు నూహ పొగను చూచి నిప్పును తెలిసికొనుటవలె నిశ్చయమైనది కాదు. మిక్కిలి సంభావ్యమైనది మాత్రమే. కావున విద్యార్థికి నేర్పవలసినది హేతువు చూపుటయు, ఆ హేతువు ఎంతవఱకు బలముగలదో తూచుటయు.

4. మల్లినాథుని బోధ

మెదకుసీమలోని కొల్చారము నివాసమైన కోలాచలము వంశమున పుట్టిన మల్లినాథసూరి పంచకావ్యములకు చేసిన వ్యాఖ్యలు దేశమంతటను చదువరులకు చేయూతలైనవి. అన్వయమార్గముననే సర్వమును వివరింతుననియు, మూలములేనిది వ్రాయననియు, అక్కఱలేనిది చెప్పననియు ఆయన చేసికొన్న నియమము ప్రసిద్ధము. వ్యాఖ్యాతకు ఇది నియమము; మా దృష్టిలో ఇది పఠనబోధకు కూడ సూత్రమే. అన్వయముతో మొదలిడవలెను, ఆధారములేని యూహ పనికిరాదు, ఊహించగలిగినంతమాత్రమున అనవసరమైనదెల్ల చెప్పరాదు.

కుమారసంభవమునందలి యాఱవసర్గలోని యొక సన్నివేశమును తీసికొందము. అంగిరసుడు హిమవంతునితో శివునికి పార్వతి నిమ్మని మాటలాడినాడు. తండ్రిప్రక్కన నున్న పార్వతి తల వంచుకొని చేతిలోని లీలాకమలపు ఱేకులను లెక్కించుచున్నది. కవి ఇంతే చెప్పినాడు. ఆమెకు సంతోషము కలిగినదనిగాని, సిగ్గు కలిగినదనిగాని ఒక్క మాట లేదు. ఆనందవర్ధనుడును దీనిని ధ్వనికి ఉదాహరణముగా చూపినాడు. మల్లినాథుడు దీనిని రెండు మెట్లలో విప్పినాడు. సిగ్గువలన ఆమె ఱేకులు లెక్కించు మిషతో తన సంతోషమును దాచుకొన్నదని మొదట చెప్పి, తరువాతనే దీనికి అవహిత్థ యను సంచారిభావమని శాస్త్రనామము పెట్టినాడు. ముందు పేరు చెప్పి తరువాత అర్థము చెప్పలేదు. చేష్ట యేమి, దానికి మునుపు వినబడిన మాట యేమి, ఆ మాట విన్న కన్య మనస్సు ఎట్లుండును, ఆ మనస్సు ఈ చేష్టగా ఏల మాఱినది అను క్రమమున చదువరిని నడిపించి, గమ్యము చేరిన పిమ్మట ఆ చోటి పేరు చెప్పినాడు.

పాఠశాలలో ఈ సన్నివేశమును చెప్పునప్పుడు అవహిత్థ యను పేరు కంఠస్థము చేయించి ఊరకొన్నచో, విద్యార్థి తామరఱేకులను చూడడు, పార్వతిని చూడడు. ఒక పరిభాషాపదము మాత్రము వానికి మిగులును. మెట్లు ఎక్కించి పేరు చెప్పుటకును, మెట్లు లేకయే పేరు చెప్పుటకును గల భేదమే ఈ వ్యాసమున ముందు చెప్పబోవు చరిత్రకంతకును మూలము.

పాఠము చెప్పు పద్ధతులలో దండాన్వయము, ఖండాన్వయము అని రెండు కలవు. మొదటిది కర్తృకర్మక్రియలను వరుసగా పేర్చి చూపునది. రెండవది క్రియను ముందు పట్టుకొని, ఎవడు? ఎట్టివాడు? దేనిని? ఎచ్చట? ఎందులకు? అని ప్రశ్నపై ప్రశ్న వేయుచు ఒక్కొక్క పదమును దాని చోట చేర్చునది. ఇందు శాస్త్రము చెప్పిన ఆకాంక్ష నోటిమాటగా వెలువడుచున్నది. గురువు వేసిన ప్రశ్నలను కొన్నాళ్లకు శిష్యుడు తనకు తానే వేసికొనుట నేర్చును. వాక్యములో సమాధానము దొరకని ప్రశ్న యొకటి మిగిలినప్పుడు, ఆ మిగిలినచోటనే అనుక్తార్థము దాగియుండును. ఓరుగంటిలో వెలసిన ప్రతాపరుద్రీయమువంటి లక్షణగ్రంథములు, దానికి మల్లినాథుని పుత్రుడు కుమారస్వామి సోమపీథి వ్రాసిన రత్నాపణము, ఈ పాఠసంప్రదాయము వంశములలో ఎట్లు నిలిచినదో తెలుపుచున్నవి. వంశములలో నిలిచిన దనుటలోనే దాని పరిమితియు తెలియుచున్నది.

5. వీధిబడి

1822వ సంవత్సరము జూన్ 25వ తేదీని మదరాసు గవర్నరు సర్ తామస్ మన్రో దేశీయవిద్యాస్థితిని గూర్చి కలెక్టరులనుండి వివరములు కోరెను. ఆ సమాధానములను సమీక్షించి 1826 మార్చి 10వ తేదీని ఆయన వ్రాసిన పత్రమున రాజధాని యంతటను 12,498 పాఠశాలలును, 1,28,50,941 మంది జనమును ఉన్నట్లు కలదు. వెయ్యిమందికి ఒక బడి యన్నమాట.

ఈ సమాధానములలో బళ్లారి కలెక్టరు ఎ. డి. కాంబెల్ 1823 ఆగస్టున పంపినది మనకు ముఖ్యము. ఆయన 1816లో తెలుగు వ్యాకరణమును, 1821లో నిఘంటువును ప్రకటించినవాడు. భాష తెలియక మాటలాడినవాడు కాడు. ఆయన లెక్క ప్రకారము జిల్లాలోని 9,27,857 మంది జనమునకు 533 పాఠశాలలును 6,641 మంది విద్యార్థులును ఉండిరి. అనగా ఇంచుమించు 140 మందికి ఒక్కడు. ఆ బడులలో కన్నడము చెప్పునవి 235, తెలుగు చెప్పునవి 226, మరాఠీ 23, పారసీకము 21, తమిళము 4, ఇంగ్లీషు 1. సంస్కృతమున శాస్త్రములు చెప్పునవి 23. అవి కేవలము బ్రాహ్మణులకే. మనము ఇంతవఱకు వర్ణించిన మార్గము ఈ 23 చోట్లకు మాత్రమే చెందినది. అవియు క్షీణస్థితిలో నున్నవని కాంబెల్ వ్రాసెను.

తక్కిన బడులలో భారత భాగవత రామాయణాది పద్యములను పిల్లలు వల్లించుచుండిరి. పద్యముల భాష నోటిభాషకు దూరమైనదనియు, పిల్లలు అర్థము తెలియకయే చదువుచుండిరనియు, చెప్పు గురువులకును చాలచోట్ల అర్థము తెలియదనియు కాంబెల్ ఆక్షేపించెను. ఈ యాక్షేపణము తరువాత నూఱేండ్లపాటు విద్యాచర్చలలో పలుమాఱు వినవచ్చినది.

ఐనను ఆ నివేదికలోనే మఱియొక విషయము కలదు. దానిపై పండితుల దృష్టి అంతగా ప్రసరింపలేదు. పలువురు వ్రాసిన ఉత్తరములను, కాగితములను గురువు సేకరించి తెచ్చి, నానావిధములైన చేవ్రాతలను పిల్లలచేత చదివించుచుండెను. ఉత్తరములు, ఒప్పందపు పత్రములు వ్రాయుట నేర్పుచుండెను. ఆనాటి చేవ్రాత ఎట్టిదో తలంచికొందము. గొలుసుకట్టు వ్రాతలో అక్షర మక్షరముతో కలిసిపోవును, మాటకును మాటకును నడుమ ఎడము లేదు, విరామచిహ్నములు లేవు. ఎవరు ఎవరికి వ్రాసిరి, బాకీవిషయమా, శిస్తువిషయమా, పెండ్లివిషయమా అని మొదట ఊహింపనిదే ఒక్కొక్కచోట అక్షరమే తెగదు. ఊహించి చదివినది తరువాతి పంక్తితో పొసగనిచో మరల వెనుకకు వచ్చి వేఱువిధముగా విఱువవలెను. ఇది మన మొదట చెప్పుకొన్న మూడు పనులును కలిసిన చదువే గదా!

కావున వీధిబడిలో అనుక్తార్థగ్రహణము లేకుండెననుట సరికాదు. అది పద్యమున లేదు, కాగితమున నుండెను. కాగితమును తప్పుగా చదివినచో రూకలు పోవును, భూమి పోవును. పద్యమును అర్థములేక చదివినచో పోవునదేమియు కనబడదు. బ్రదుకుతెరువు కోరినచోట ఊహ నేర్పి, గౌరవము కోరినచోట ధారణ నేర్పిరని మేము తలంచుచున్నాము. ఈ మాట కాంబెల్ అనలేదు. ఆయన చెప్పిన రెండు విషయములను ప్రక్కప్రక్కన పెట్టి మేము చేసిన యూహ ఇది. దీని హేతువు మా దృష్టిలో బలమైనదే. నిశ్చయమని మాత్రము మమ్మటుని చదివినవారెవ్వరును అనజాలరు.

వల్లెవేతకు మఱియొక పార్శ్వమును కలదు. పగలు బడిలో వల్లించిన పద్యమే రాత్రి గుడిలోనో రచ్చపట్టుననో పురాణకాలక్షేపమున పౌరాణికుని నోట అర్థముతో వినబడుచుండెను. ఈ సందర్భమున ఎందులకు ఇట్లన్నాడు, లోపలి యుద్దేశమేమి యని పౌరాణికుడు సాగదీసి చెప్పుచుండ, కంఠస్థమైన పద్యము వినువాని మనస్సున వెలుగుచుండెను. బడిలో చదువబడు కథలలో పంచతంత్రముతోపాటు భేతాళకథలును ఉన్నట్లు కాంబెల్ నివేదికవలన తెలియుచున్నది. భేతాళకథ ప్రతిదియు ప్రశ్నతో ముగియును. కథలో చెప్పని తీర్పును కథనుండియే చెప్పవలసియుండును. సాధనము బడిలోనే యుండెను. దానిని సాధనముగా వాడిన గురువు ఎక్కడనో ఒకడు ఉండియుండును.

6. అచ్చుపుస్తకము, పరీక్ష

సి. పి. బ్రౌను తెలుగు కావ్యముల తాళపత్రప్రతులను సేకరించి, జూలూరి అప్పయ్య మొదలగు పండితులచే శుద్ధప్రతులను, టీకలను సిద్ధము చేయించెను. వసుచరిత్రము 1844లోను, మనుచరిత్రము 1851లోను ఇట్లు వెలుగు చూచినవి. 1853లో పరవస్తు చిన్నయసూరి నీతిచంద్రిక వెలువడెను. 1854లో వావిళ్ల రామస్వామిశాస్త్రులవారు ముద్రణాలయమును స్థాపించిరి. 1857లో మదరాసు విశ్వవిద్యాలయ మేర్పడెను. ఈ పదునైదేండ్లలో తెలుగు చదువునకు పాఠ్యగ్రంథము, టీక, ముద్రణము, పరీక్ష అను నాలుగు స్తంభములు నిలిచినవి.

దీనివలన కలిగిన మేలు అపారము. ఇరువదిమూడు చోట్ల కొలదిమందికి వినబడు వ్యాఖ్యానము, అచ్చుపుస్తకము కొనగలిగిన యెవనికైనను కనబడునదైనది. బ్రౌను, అతని పండితులు, వేదము వేంకటరాయశాస్త్రులవారివంటి తరువాతి వ్యాఖ్యాతలు చేసిన యుపకారమును తెలుగువారు మఱవరాదు. ఆముక్తమాల్యదకు శాస్త్రులవారి సంజీవనీవ్యాఖ్య లేనిచో ఎందఱు ఆ గ్రంథములోనికి అడుగుపెట్టగలిగెడివారు?

నష్టమును ఆ మేలునుండియే పుట్టినది. పాఠము చెప్పునప్పటి వ్యాఖ్యానము ప్రశ్నకు వచ్చిన సమాధానము. శిష్యునకు ఆకాంక్ష కలిగిన తరువాతనే గురువు నోరు విప్పును. అచ్చులో ప్రశ్న మాయమై సమాధానము మాత్రము మిగిలినది. ఆకలికి ముందే అన్నము వచ్చినది. పరీక్ష వచ్చి ఈ మార్పును స్థిరపఱచెను. 'ప్రతిపదార్థతాత్పర్యములు వ్రాయుము' అను ప్రశ్నకు పాఠ్యభాగములోని పద్యమునే ఇచ్చినప్పుడు, అచ్చులోని తాత్పర్యమును ధారణ చేసినవాడును, తానుగా తెలిసికొన్నవాడును ఒకే విధముగా వ్రాయుదురు. పరీక్షకుడు వారిని వేఱుచేయజాలడు. వీధిబడి బాలుడు పద్యమును వల్లించెను. ఉన్నతపాఠశాల బాలుడు తాత్పర్యమును వల్లించెను. మాఱినది వల్లించు వస్తువు మాత్రమే.

'సందర్భసహితవ్యాఖ్య' యను ప్రశ్నచరిత్ర ఇందులకు మంచి నిదర్శనము. ఎవరు, ఎవరితో, ఎప్పుడు, ఏ యుద్దేశముతో ఈ మాట పలికిరని యడుగుట ఉపక్రమాదిలింగముల నుండి వచ్చిన వంశమువలె కనబడును. చూడని భాగమునుండి పంక్తి నిచ్చి, ముందువెనుకలు చదివించి యడిగినచో ఇంతకంటె మంచి ప్రశ్న లేదు. చదివిన భాగమునుండియే అడుగుటచేత అది జ్ఞాపకశక్తికి పెట్టిన పరీక్షయైనది.

7. వాదములో మఱుగుపడిన ప్రశ్న

1906లో విశాఖపట్టణప్రాంతమున పాఠశాలల పరీక్షాధికారిగా నుండిన జె. ఎ. యేట్సు, తెలుగు చెప్పు తీరు ఇతరభాషలు చెప్పు తీరువలె ఏల లేదని ప్రశ్నించెను. పి. టి. శ్రీనివాసయ్యంగారు, గురజాడ అప్పారావుగారు, గిడుగు రామమూర్తిగారు ఈ ప్రశ్నను చేపట్టిరి. గమనింపదగిన దేమనగా, మొదట పుట్టినది బోధనాపద్ధతిని గూర్చిన ప్రశ్న. అది త్వరలోనే గ్రాంథికమా, వ్యావహారికమా అను వాదమైనది. 1911లో ఆంధ్రసాహిత్యపరిషత్తు వెలసెను. 1913లో రామమూర్తిగారు ఆధునికాంధ్రమును గూర్చి ఇంగ్లీషున తమ విజ్ఞప్తిని, 1914లో అప్పారావుగారు తమ యసమ్మతిపత్రమును వెలువరించిరి. జయంతి రామయ్యపంతులుగారు, వేదము వేంకటరాయశాస్త్రులవారు ప్రతిపక్షమున నిలిచిరి. 1915లో ప్రభుత్వము గ్రాంథికపక్షమునకు మొగ్గెను. తరువాతి దశాబ్దములలో వ్యావహారికమే బోధనభాషగా స్థిరపడినదని యందఱకును తెలిసినదే.

ఈ వాదమున ఇరుపక్షములకును ఉమ్మడిగా నొక విశ్వాసమున్నట్లు మాకు తోచుచున్నది. భాష నోటిభాషకు దగ్గఱయైనచో అర్థము తానే తెలియునని యొకరు. వ్యాకరణనిఘంటువులు పట్టుబడినచో అర్థము తానే తెలియునని యొకరు. మాటల యర్థము తెలిసిన పిమ్మటను తెలియవలసిన దొకటి మిగిలియుండునన్న సంగతిపై ఇరువురి దృష్టియు నిలువలేదు. అప్పారావుగారి 'దిద్దుబాటు' 1910లో వెలువడినది. అందు నోటిభాషయే, కఠినపదము లేదు. ఐనను ఎవరు ఎవరిని దిద్దిరి, ఉత్తరము వ్రాసిన భార్య మనస్సులో నున్నదేమి అనునవి కథకుడు విడమఱచి చెప్పలేదు. భాష సులభమైనంతమాత్రమున ఊహించు భారము తగ్గదని ఆ కథయే చాటుచున్నది.

ఇదే కాలమున అమెరికాలో ఎడ్వర్డు థార్ండైకు 1917లో ప్రకటించిన యొక పరిశోధన ఈ విషయమును స్పష్టపఱచెను. ఫ్రాంక్లిన్ అను ఊరిలో పిల్లలు బడికి రావలసిన నియమమును తెలుపు చిన్న పేరాను ఆయన బాలురచేత చదివించెను. ఆ పేరా దేనిని గూర్చినదని యడుగగా కొందఱు "ఫ్రాంక్లిన్" అని వ్రాసిరి. మాటలు తెలిసినవే, కాని యొక మాట తక్కిన మాటలను మించి మనస్సును పట్టుకొనెను. చదువుట తర్కించుటయే యని ఆయన తేల్చెను. 1978–79లో డొలొరెస్ డర్కిన్ ప్రకటించిన పరిశీలనలో, నాలుగవ తరగతి పఠనపాఠములను 4,469 నిమిషములు గమనింపగా, అర్థగ్రహణమును నిజముగా బోధించుటకు పట్టినది 20 నిమిషములు మాత్రమే. ప్రశ్నలు చాల యడిగిరి. అవి పరీక్షించుటకు అడిగినవే గాని నేర్పుటకు అడిగినవి కావు. వ్యాధి తెలుగుదేశమునకు మాత్రమే చెందినది కాదని దీనివలన తెలియుచున్నది.

8. ఫలితము

2011 నాటి ఆంధ్రప్రదేశ్ విద్యాప్రణాళిక ననుసరించి వెలువడిన తెలుగు వాచకములలో 'అవగాహన – ప్రతిస్పందన' అను విభాగము చేరినది. విద్యార్థి చూడని గద్యపద్యములను పరీక్షలో ఇచ్చుటయు వచ్చినది. ఇది సరియైన దిక్కునకు తిరిగిన యడుగు. ప్రశ్న మాఱినంత మాత్రమున బోధ మాఱదు గనుక, పూర్వచరిత్రనుండి మూడు సంగతులు గ్రహింపదగినవని మేము భావించుచున్నాము.

మొదటిది: సమాధానము చెప్పిన ప్రతి విద్యార్థిని 'ఏ మాటవలన తెలిసికొంటివి?' అని యడుగవలెను. సమాధానము సరియైనప్పుడును అడుగవలెను. మూలములేనిది వ్రాయనన్న మల్లినాథుని నియమమును బాలుని నోటికి తెచ్చుట ఇదియే. రెండవది: ఖండాన్వయపు ప్రశ్నలను గురువే నిరంతరము వేయక, విద్యార్థులచేత వేయింపవలెను. ప్రశ్నలు వేసికొనుటయందు తర్ఫీదు పొందిన మందపాఠకులు మెఱుగుపడుదురని ఇంగ్లండులో నికోలా యూయిల్, జేన్ ఓక్‌హిల్ 1988లో చూపిరి. ఖండాన్వయమున పెరిగిన శిష్యునకు ఇది క్రొత్త సంగతి కాదు. మూడవది: రెండు భిన్నమైన యూహలు వచ్చినప్పుడు ఒకదానిని తప్పని కొట్టివేయుటకు ముందు రెండింటి హేతువులను తరగతి యెదుట తూచవలెను. సింహమున్న చోటికిని ప్రేమికుడు పోవచ్చునన్న మమ్మటుని యాక్షేపణము ఒక బాలుడు వేయదగిన ప్రశ్నయే. అట్టి ప్రశ్న వేసినవానిని మన పరీక్షలు ఇన్నాళ్లు ఆదరింపలేదు.

ఒక హెచ్చరికయు కలదు. ఊహకు లోకజ్ఞానము కావలెను. తామరకొలను చూడని బాలునకు లీలాకమలమును, గోదావరి చూడని బాలునకు పొదరిండ్లను గురువు ముందు ఎఱిగింపవలెను. అట్లు చేయక 'వీనికి ఊహాశక్తి లేదు' అనుట అన్యాయము. ఎవరి లోకమును ఆధారముగా చేసికొని పాఠము వ్రాయబడినదో వారి పిల్లలకు ఊహ సులభమగును, తక్కినవారికి కష్టమగును. 1823లో ఆ యిరువదిమూడు చోట్లకు వెలుపల నిలిచినవారి సంతతియే నేడు మన తరగతిగదులను నింపుచున్నది. పట్టాదారు పుస్తకమును, అప్పుపత్రమును, ఎన్నికల ప్రకటనను వారు చదువవలసి యున్నది. వానిలో వ్రాసినదానికంటె వ్రాయనిదే వారికి ఎక్కువ నష్టము కలిగింపగలదు. వీధిబడి గురువు కాగితముపై నేర్పిన మెలకువను, మల్లినాథుడు కావ్యముపై నేర్పిన మెట్లను ఒకే తరగతిలో, ఒకే బాలునకు అందించుట మన పూర్వులకు సాధ్యపడలేదు. మనకు సాధ్యపడును, అందులకు కావలసిన సాధనములన్నియు మన వాఙ్మయముననే యున్నవి.